ఎండలో గీత తప్పిన బండి

ఒక ప్రభుత్వ హైస్కూలుకి అటల్ టింకరింగ్ ల్యాబ్ వచ్చింది. ఆర్డువినో బోర్డులు, మోటార్లు, సెన్సార్లు పెట్టెల నిండా దిగాయి. పాడైపోతాయని సార్లు వాటికి తాళం వెయ్యలేదు. అది ఆ పిల్లలు చేసుకున్న పుణ్యం.

ఎనిమిదో తరగతిలో ఒక అబ్బాయీ ఒక అమ్మాయీ నల్లగీత వెంట నడిచే బండి చెయ్యడానికి పూనుకున్నారు. అబ్బాయి యూట్యూబ్‌లో దొరికిన ప్రోగ్రాం ఎక్కించేశాడు. సాయంత్రానికల్లా వాడి బండి గీత వెంట పరిగెత్తింది. అమ్మాయి బండి మాత్రం రోజుల తరబడి గింగిరాలు కొట్టింది.

"ఏమే, ఇంకా అక్కడే ఉన్నావా? నాది ఎప్పుడో అయిపోయింది!" అని నవ్వాడు వాడు.

"బండివి నువ్వే అనుకుని నడిచి చూడమ్మా" అన్నారు సారు. నేల మీద టేపు అతికించి, దాని మీద అడుగులో అడుగు వేసింది. గీత ఎడమకి వంపు తిరిగినచోట తన ఎడమకాలు ఆగి, కుడికాలు ముందుకు పడింది. ప్రోగ్రాంలో చూస్తే అక్కడ తను ఆపుతున్నది కుడి మోటారుని! అది సరిచేశాక ఆమె బండీ గీత పట్టింది.

సైన్స్ ఫెయిర్ రోజున బల్లలు ఆరుబయట వేశారు. మధ్యాహ్నానికి ఇద్దరి బండ్లూ గీత తప్పాయి. గీతను గుర్తించే సెన్సారు పరారుణ కాంతిని కిందికి వదులుతుంది. తెలుపు మీద పడితే చాలావరకు తిరిగొస్తుంది, నలుపు దాన్ని మింగేస్తుంది. ఎండలోనూ అదే కాంతి ఉంటుంది కనుక లెక్క తారుమారైంది.

అబ్బాయి బ్యాటరీలు మార్చాడు, బండిని తట్టాడు, అదే ప్రోగ్రాం మళ్ళీ ఎక్కించాడు. అమ్మాయి ల్యాప్‌టాప్‌లో సీరియల్ మానిటర్ తెరిచి, సెన్సారు తెలుపు మీద ఎంత చూపిస్తోందో, నలుపు మీద ఎంతో రాసుకుంది. రెంటికీ నడిమి అంకె ప్రోగ్రాంలో వేసి, ఎండ తగలకుండా సెన్సార్ల చుట్టూ అట్టముక్క కట్టింది. బండి నడిచింది.

"నాదీ కాస్త చూడవే" అన్నాడు వాడు.

"నీ ప్రోగ్రాంలో ఆ అంకె ఎక్కడుందో చూపించు."

వాడు తెల్లమొహం వేశాడు.

నీతి: ప్రోగ్రాం ఎక్కించినంత మాత్రాన ప్రోగ్రామింగ్ రాదు. బండి ఎందుకు ఆగిందో వెతికినవాళ్ళకే వస్తుంది.

1967లో లోగో ప్రోగ్రామింగ్ భాషను రూపొందించినవారిలో ఒకరైన సీమోర్ పాపర్ట్ కూడా పిల్లల్ని లోగోతో నడిపే తాబేలు రోబోలా నడిచి చూసుకోమనేవారు. కాబట్టి అమ్మానాన్నలకు ఒక మనవి: వేలు పోసి కొన్న కిట్టు గింగిరాలు కొడుతోందని కంగారుపడి, పిల్లల ఫోనుకి వీడియో లింకులు పంపకండి. నాలుగు రోజులు కొట్టనివ్వండి.