ఎవరి బాకీ ఎవరికి

కృష్ణ ఒడ్డున చింతపల్లి కోటలో వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడనే జమీందారు ఉండేవాడు. 1783లో గద్దెనెక్కాడు. కోటకు సొంత సైన్యం ఉండేది. సిపాయిలు లేనివాడికి శిస్తు ఎవరూ కట్టని రోజులవి, అందుకని కత్తీ కచేరీ ఒకే చేతిలో ఉండేవి.

ఆయన ఏలుబడిలో చెంచులు ఊళ్లమీద పడి దోచుకుపోతున్నారని రైతులు మొరపెట్టుకున్నారు. అడవిలోకి సేనను పంపితే చెంచులు చిక్కుతారా? ఆ దారులు వాళ్లకు తెలిసినట్టు ఇంకెవరికీ తెలియవు. రాజు ఆలోచించి కబురు పంపాడు: "గొడవలు వద్దు, విందుకు రండి." అన్నం పెడతానన్నవాడి మాట చెంచులు నమ్మారు. వచ్చారు. వచ్చినవాళ్లను వచ్చినట్టే పట్టి, వరసగా నిలబెట్టి తలలు నరికించాడు. అది జరిగిన చోటు నరుకుళ్లపాడని చెబుతారు. అమరావతికి దగ్గర్లో, ఇవాళ పత్తీ మిరపా పండే నల్లరేగడిలో ఉందా ఊరు.

దోపిడీలు ఆగాయి. ఊళ్లవాళ్లు ఊపిరి పీల్చుకున్నారు. రాజుకు మాత్రం ముద్ద దిగలేదు. విస్తట్లో వడ్డించిన మెతుకులు పురుగులై మెసిలేవట. బియ్యం మార్చినా అంతే, వంటవాళ్లను మార్చినా అంతే. చివరికి అమరావతి గుళ్లో అమరేశ్వరుడి ముందు సాగిలపడ్డాడు. ఆ సన్నిధిలో తిన్న అన్నం అన్నంగానే కనిపించింది. దాంతో చింతపల్లి వదిలేసి, అమరావతిలో కొత్త పట్నం కట్టుకుని అక్కడే ఉండిపోయాడు. గుళ్లు బాగుచేయించాడు. బంగారంతో తులాభారం తూగి పంచిపెట్టాడు. మంగళగిరిలో నరసింహస్వామికి పదకొండు అంతస్తుల గాలిగోపురం ఎత్తించాడు.

చెప్పేవాళ్లు కథను ఇక్కడితో ఆపేస్తారు. పాపి భక్తుడయ్యాడు, శుభం.

ఇక నీతి. నాకైతే ఇది శుభంతో ఆగే కథగా అనిపించదు. గుంటూరు మిర్చి యార్డులో ఒక కమీషన్ కొట్టులో పెట్టుబడికి అప్పు తెచ్చుకుని, పంట అమ్మాక పక్క కొట్టులో కట్టేసి రసీదు చూపిస్తే ఎవరైనా ఊరుకుంటారా? వెంకటాద్రి చేసింది అదే. నెత్తురు చెంచులది, చెల్లింపు దేవుళ్లకూ దానాలు పట్టినవాళ్లకూ. తల తెగిన చెంచు ఇంట్లో పెళ్లాం బిడ్డలు ఆ రాత్రి ఏం తిన్నారో, తర్వాత వాళ్లకు ఏం ముట్టిందో కథ ఒక్క మాటా చెప్పదు. బాకీ ఎవరికి ఉందో వాళ్లకే తీర్చాలి, ఇంకెవరికి ఎంత ఇచ్చినా అది వేరే లెక్క.

ఆయన పశ్చాత్తాపం దొంగదని నేననను. అయితే అది రాజకీయానికీ బాగా కలిసొచ్చింది. 1788లో గుంటూరు సర్కారు నిజాం చేతిలోంచి ఈస్టిండియా కంపెనీకి వచ్చింది. జమీందార్లకు సొంత సైన్యాలు ఉండటం దొరలకు ఇష్టం లేదు. 1802 నాటి శాశ్వత పైసలాతో జమీందారు కంపెనీకి కట్టాల్సిన పేష్కషు ఖాయమైంది, గడువుకు కట్టడమే మిగిలింది. పటాలం పోయిన ప్రభువు తన పెద్దరికాన్ని దేంతో చూపించుకోవాలి? 1807లో మొదలుపెట్టి 1809కి పూర్తిచేయించిన మంగళగిరి గోపురం ఎత్తు 153 అడుగులు. ఎంత దూరం నుంచైనా కనపడుతుంది. భక్తి ఎంతో పెద్దరికం ఎంతో అందులో విడదీయడం నా వల్ల కాదు.

కొత్త పట్నానికి ఇటుక కావాలి, రాయి కావాలి. ఊరి పక్కనే దీపాలదిన్నె ఉంది. తవ్వితే తెల్లని చెక్కడపు రాళ్లు బయటపడ్డాయి. అది బౌద్ధుల మహాస్తూపమని తవ్వినవాళ్లకు తెలియదు, ఆ మాట న్యాయంగా చెప్పాలి. సంగతి విని 1797లో కాలిన్ మెకంజీ అనే కంపెనీ అధికారి వచ్చి చూశాడు. ఆయన మళ్లీ 1816లో మనుషులతో వచ్చి బొమ్మలు గీయించేసరికి చాలా రాళ్లు చెదిరిపోయి ఉన్నాయి. మిగిలినవాటిలో కొన్ని చెన్నై ఎగ్మూరు మ్యూజియంలోనూ, కొన్ని లండన్ బ్రిటిష్ మ్యూజియంలోనూ ఉన్నాయి. ఒక దేవుడి దగ్గర పాపం కడుక్కోవడానికి కట్టిన ఊరు ఇంకొకరి పుణ్యస్థలాన్ని తవ్వుకుని లేచింది. అడిగేవాడు లేని చోట బాకీలు ఇలాగే పెరుగుతాయి.

వెంకటాద్రి 1816లో పోయాడు. కన్నకొడుకులు లేరు. జగన్నాథబాబు, రామనాథబాబు అని ఇద్దరిని దత్తత తీసుకున్నాడు. ఆస్తి ఎవరిదని పుట్టిన తగాదా కోర్టుకెక్కి, సముద్రం దాటి లండన్ ప్రీవీ కౌన్సిల్ దాకా వెళ్లింది. మొదటి దత్తపుత్రుడు బతికుండగా రెండో దత్తత చెల్లదని 1840లలో తీర్పు వచ్చింది.