పొరుగువారి వట్టి పాత్రలు

ధ్యానభాగము: 2 రాజులు 4:1–7



ప్రవక్తల శిష్యులలో ఒకడు చనిపోయెను. అతని అప్పు మాత్రము చావలేదు. అప్పులవాడు విధవరాలి యిద్దరు కుమారులను దాసులుగా కొనిపోవ వచ్చెను. అప్పు పెద్దలది, తీర్చవలసినవారు పిల్లలు!

ఇది మన డోంగ్లి ప్రాంతమునకు క్రొత్త కథ కాదు. తల్లిదండ్రులు కూలికి పోవుదురు. చంటివానిని చూచుటకు పెద్దపిల్ల బడి మానును. బడి మానిన పిల్ల యింటనున్నదని పెద్దలు సంబంధము వెదకుదురు. ఆక్స్‌ఫర్డు విశ్వవిద్యాలయము ఆధ్వర్యమున 2002లో ఆరంభమైన ‘యంగ్ లైవ్స్’ అధ్యయనము, నాటి ఆంధ్రప్రదేశ్‌లో సుమారు 3,000 మంది పిల్లల జీవితములను ఏండ్ల తరబడి పరిశీలించెను. పదునైదేండ్లకు బడిలోనున్న వారికంటె, బడి మానిన ఆడపిల్లలకే బాల్యవివాహములు ఎక్కువగా జరిగెనని అందు తేలినది.

మేము ఒప్పుకొనవలసినది ఒకటి గలదు. ఒక తల్లి పదునారేండ్ల కుమార్తె పెండ్లికి ప్రార్థించుమని మా యొద్దకు వచ్చెను. అట్టి పెండ్లి జరిపించిన బోధకుడును 2006 నాటి చట్టము ప్రకారము శిక్షార్హుడని చెప్పి, కాదంటిమి. ఆమె, “అయ్యగారూ, పెండ్లి వద్దంటిరి. మేము పత్తి ఏరబోతే పిల్లను ఎవరు చూస్తరు?” అని అడిగెను. మా యొద్ద జవాబు లేకపోయెను.

ఎలీషా యొద్ద జవాబుండెను. పొరుగువారి యిండ్లనుండి వట్టి పాత్రలు ఎరువు తెచ్చుకొనుమనెను. నూనె దేవునిది, పాత్రలు పొరుగువారివి. పాత్రలు అయిపోగానే నూనె నిలిచిపోయెను. మన బిడ్డలకు కొదువైనది దేవుని నూనెయా, మన పాత్రలా?

మరుసటి ఆదివారము, ఎవరి పేరు చెప్పక, ఆ ప్రశ్నను సంఘము ముందుంచితిమి. ఒక అవ్వ లేచి, “చీకటి పడేదాక నా అరుగు మీద కూసుండనియ్యుండ్రి” అనెను. మరియొక సహోదరుడు, బడి మానిన ఆడపిల్లలను చేర్చుకొను కస్తూర్బా విద్యాలయమునకు ఆ తల్లిని తోడుకొని పోయెను. పెండ్లి ఆగెను. అరుగును, ఒక దినపు తోడును, ఇవే ఆ పాత్రలు.

ఇంకొక మాట. బిడ్డ వణకుచు ఏదైన చెప్పినయెడల, పరువు పేరిట నోరు మూయింపకుడి. తప్పు చేసినవాడు బంధువైనను, సంఘపెద్దయైనను, బోధకుడైనను దాచకుడి. లైంగిక హింస తెలిసియు తెలియజేయకుండుట 2012 నాటి పోక్సో చట్టము ప్రకారము నేరము. 1098కు ఫోను చేయుటకు రూపాయి ఖర్చు లేదు. చిన్నవారిని అభ్యంతరపరచు వానికి మెడకు తిరుగటిరాయియే మేలని మన ప్రభువు హెచ్చరించెను గదా (మత్తయి 18:6).

ఈ నెల ప్రతి కుటుంబమును తన పొరుగునున్న ఒక బిడ్డ పేరు తలంచి ప్రార్థించునుగాక. ప్రార్థించి లేచిన పిమ్మట, ఆ యింటి తలుపు తట్టునుగాక.

ప్రార్థన: తండ్రీ, మా పాత్రలను దాచుకొనకుండ మాకు మనస్సు దయచేయుము. ఆమేన్.