శిఖరమునకు కొన్ని అడుగుల దిగువ

హిమాలయములు ఆసియాలో, ఆండీసు దక్షిణ అమెరికాలో, ఆల్ప్సు యూరోపులో, అట్లాసు ఆఫ్రికా వాయవ్యమున నున్నవని బడిపిల్లలు గుక్క త్రిప్పుకొనక చెప్పుదురు. పర్వత మెక్కడ నున్నదో పటము తెలుపును. దానియెడ మన మెట్లు మెలగవలెనో పరీక్షలలో నెవ్వరును అడుగరు.

నేపాళ సిక్కిముల సరిహద్దున 8,586 మీటర్ల యెత్తున నున్న శిఖరమును మనవారు కాంచనగంగ యందురు. సంస్కృతము చదివిన మా చెవి కది యింపుగనే యున్నది గాని, అసలు మాట టిబెట్టు వారిది. మహాహిమము నందలి యైదు నిధులని దాని యర్థము. 1852లో లెక్కలు తేలువఱకు లోకమున నిదియే మిక్కిలి యెత్తైనదని తలచిరి. పిమ్మట మూడవ స్థానమునకు దిగినది. పర్వతము మాత్రము అంగుళమైనను దిగలేదు!

సిక్కిము వారికి అది దేవతానివాసము. 1955లో చార్లెసు ఇవాన్సు నాయకుడుగా నేపాళపు వైపునుండి ఎక్కిన బ్రిటిషు బృందము, శిఖరాగ్రమును త్రొక్కమని వారికి మాట యిచ్చినది. మే 25వ తేదీన జో బ్రౌను, జార్జి బాండు కడపటి రాతి చీలికను మిక్కిలి శ్రమతో దాటిరి. ఎదుట కొన్ని అడుగుల మంచు మాత్రమే మిగిలినది. దానిని ఎక్కుట పసివానికిని సాధ్యము. వారచటనే నిలిచిరి. మఱునాడు వచ్చిన హార్డీ, స్ట్రీథరులును అట్లే నిలిచిరి. అడ్డగించుటకు సిక్కిము కావలివా డెవ్వడును అచట లేడు.

కొండపై దేవత యున్నదనుట మూఢవిశ్వాసము గదా, దానికి తలయొగ్గుట విజ్ఞానమునకు అవమానము గాదా యని మన పాఠకులలో కొందఱడుగవచ్చును. ఇది త్రోసివేయదగిన ప్రశ్న కాదు. ప్రాచీనమైనంత మాత్రమున ఆచారము పూజ్యము కానేరదని వితంతువుల విషయమునను, దేవాలయ ప్రవేశ విషయమునను వాదించిన మనము ఇచట వేఱొక న్యాయము చెప్పుట యెట్లు?

మాకు తోచిన భేద మిది. గుడి తలుపు మూసినవాడు తాను లోపల నుండి యెదుటివానిని వెలుపల నిలిపినాడు. ఆ విశ్వాసపు వెల యెదుటివాడే చెల్లించెను. శిఖరమును త్రొక్కరాదన్నవారు తామును త్రొక్కలేదు. వారి నమ్మకమువలన నొకని కూడు పోలేదు, ఒకని మానము పోలేదు. ఎక్కినవానికి తగ్గినది పైన నిలిచితినను తృప్తి యొక్కటే. బ్రౌనునకు ఆ దేవతయందు నమ్మక ముండెనా లేదా యని విచారింప బనిలేదు. ఆతడు మన్నించినది మంచును గాదు, క్రింద నున్న మనుష్యులను.

అన్ని చోట్లను లెక్క యింత సులభముగ తేలదు. మన తూర్పు కనుమలలోనే, ఒడిశా యందలి నియమగిరిని డోంగ్రియా కోందులు తమ దేవుని కొండగా కొలుతురు. దాని శిఖరమున బాక్సైటు గలదు. తీర్మానము గ్రామసభలకు విడువవలెనని సుప్రీముకోర్టు 2013లో ఆజ్ఞాపింపగా, పండ్రెండు గ్రామములును త్రవ్వకము వలదనెను. అచట విడువవలసినది కొన్ని అడుగుల మంచు గాదు. ఒక కర్మాగారమునకు వలసిన ఖనిజము, దానితో కొందఱి కూలియును. అయినను ఆ కొండ నీటితో బ్రదుకువారు ఆ గ్రామములవారే గనుక, మేము వారి పక్షముననే యుందుము.