ఎవరి పాట ఎవరిది?



1912లో అమెరికాలో ఒక హాస్యగీతం వెలువడింది. ఐరిష్ వారూ యూదులూ లేకపోతే దేశం గతి ఏమిటన్నది దాని భావం. ఐరిష్ సంతతివాడైన విలియం జెరోమ్ మాటలు రాయగా, హంగరీ నుండి వలస వచ్చిన యూదుడు జీన్ ష్వార్ట్జ్ బాణీ కట్టాడు. ఇద్దరి పేర్లూ పాట మీద అచ్చయ్యాయి. పేదరికంలో ఇరుగుపొరుగైన రెండు జాతుల పొత్తు అది.

1927లో 'ది జాజ్ సింగర్' చిత్రం వచ్చింది. యూదుల ప్రార్థనామందిర గాయకుని కుమారుడు తండ్రిని కాదని నాటకశాలకు వెళతాడు. అక్కడ ముఖానికి నల్లరంగు పూసుకొని పాడతాడు. జాజ్ సంగీతం నల్లజాతివారిది. తెరపైన పాడింది మాత్రం వారి రంగు పూసుకున్న మరొకరు! మన సినిమాలలోని 'గిరిజన నృత్యాలు' కూడా చూడండి, ఈకలూ రంగులేగాని అసలు కొండవాడు ఎక్కడ?

కలపడం తప్పని నేననను. ద్వితీయ వాటికన్ మహాసభ 1963లో దైవార్చనపై వెలువరించిన శాసనపత్రం 119వ సంఖ్యలో, ప్రేషిత దేశాల ప్రజల సంగీతానికి తగిన గౌరవమివ్వాలని చెప్పింది. ఎవరికి చెందవలసింది వారికి ఇవ్వాలనే నిలకడైన సంకల్పమే న్యాయమని పునీత తోమాసు అక్వినాసు బోధ. అయితే పాట పొలం వంటిది కాదు. నా పాట మీరు పాడినంత మాత్రాన నా దగ్గర తరిగిపోదు. మరి చెల్లించవలసిన బాకీ ఏమిటి?

సెమినరీలో చదివిన తత్వశాస్త్రం నాకు దీన్ని నేర్పలేదు. రెండేళ్ళ క్రితం రాజవొమ్మంగి దగ్గరి ఒక పల్లెలో, క్రిస్మస్ పూజలో కానుకల సమర్పణకు తుడుము, డప్పు, మోరి వాయించమని అడిగాను. వాయించారు. అందరూ మెచ్చుకున్నారు. మా కుర్రాళ్ళు ఆ దరువును ఫోనులో పట్టి కీబోర్డులోకి ఎక్కించారు. మరుసటి ఏడు మీట నొక్కితే తుడుము మోగింది. నేనూ సంతోషించాను, ఖర్చు లేదు, ఆలస్యం లేదు.

పూజ అయ్యాక తుడుము కొట్టే పెద్దాయన వరండాలో నిలబడి ఉన్నాడు.

"ఈ ఏడు మాతో పని లేదా, ఫాదరుగారూ? మా దెబ్బ మీ పెట్టెలో ఉందంట గదా?"

అందులో కోపం లేదు. అదే నన్ను ఎక్కువగా బాధించింది. పాటను దాచుకొని మనిషిని బయట నిలబెట్టాను. ముఖానికి నల్లరంగు పూసుకోలేదు, అంతే తేడా.

మొన్న నేనే ఆయన ఇంటికి వెళ్ళాను. గుడిలో ఎక్కడ కూర్చుంటారని అడిగాను. తలుపు దగ్గర అన్నాడు. ముందుకు రమ్మని బతిమాలాను. వద్దన్నాడు. బయట చలిమంట ఉండాలట, తోలు కాగకపోతే తుడుము పలకదు.