రుక్మిణీదేవియు పుట్టినింటి ఋణమును

పెండ్లి కావలసిన కన్యచే పోతన భాగవతములోని రుక్మిణీ కల్యాణమును పారాయణము చేయించుట తెలుగువారి ఆచారము. కూతురు తన వరుని తానే కోరుకొన్నచో కోపించు పెద్దలే ఈ కథను ఆమె చేతికిచ్చుట కొంత వింతగనే ఉన్నది. అన్న కుదిర్చిన వరుని కాదని, తాను వలచినవానికి రహస్యముగా కబురంపిన రాజకన్య కథయే కదా ఇది! మరి రుక్మిణి ధర్మము తప్పినదా?

విదర్భరాజైన భీష్మకుని పెద్దకుమారుడు రుక్మి కృష్ణద్వేషి. బంధువులు రుక్మిణిని శ్రీకృష్ణునకు ఇయ్యదలచినను అతడు అడ్డుపడి, చేదిరాజైన శిశుపాలునకే ఇయ్యవలెనని పట్టుపట్టెను. రాజకులములలో పెండ్లి యనగా పొత్తు. శిశుపాలుని వెంట జరాసంధుడు మొదలగువారు సేనలతోనే వచ్చిరి. కుమారునిపై మమకారముచే తండ్రి లోబడెను. కనుక ఆ ఇంట మొదట ధర్మమున జారినది కూతురు కాదు, తండ్రి. ఈ సంగతి చాలమంది గమనింపరు.

అయినను, తండ్రి తప్పినంతమాత్రమున పుట్టినింటి ఋణము తీరిపోవునా? రుక్మిణి అట్లు తలపలేదు. అగ్నిద్యోతనుడను బ్రాహ్మణునిచే ఆమె పంపిన సందేశములో ప్రేమ యెంత కలదో, బంధువులను గూర్చిన చింతయు అంత కలదు. అంతఃపురమున ఉన్నదానిని గొనిపోవలెనన్న బంధువులను చంపవలసి వచ్చును గదా! పెండ్లికి ముందు పెండ్లికూతురు ఊరి వెలుపలి గౌరీదేవి గుడికి పోవుట వారి కులాచారము; అచ్చటికి రమ్మని ఆమెయే ఉపాయము చెప్పెను. ఇల్లు విడుచుటకు ఇంటి ఆచారమునే దారిగా చేసికొనినది.

వెంటాడి వచ్చిన రుక్మి ఓడిపోయెను. కృష్ణుడు కత్తి యెత్తగా ఆమె పాదములపై బడి అన్న ప్రాణమును వేడినది. తనను బలవంతముగా మరియొకనికి కట్టబెట్టజూచినవాడే యతడు! ఆజ్ఞను మీరినది గాని ఆమె బంధమును తెంచుకొనలేదు. కృష్ణుడు రుక్మిని చంపక, తలయు మీసములును గొరిగెను. బంధువునకు అది చావుతో సమానమని బలరాముడు తమ్ముని మందలించి, రుక్మిని విడిపించెను.

కల్యాణ పారాయణము ద్వారకలో పెండ్లితో ముగియును, కథ ముగియదు. రుక్మి సిగ్గుతో కుండినమునకు మరలక భోజకటమున నిలిచెను. పగ చావకున్నను, చెల్లెలి ప్రీతికొరకు తన కుమార్తెను ఆమె కొడుకగు ప్రద్యుమ్నునకును, పిమ్మట తన మనుమరాలిని ప్రద్యుమ్నుని కుమారుడగు అనిరుద్ధునకును ఇచ్చెను. ఆ రెండవ పెండ్లిలో జూదమాడుచు, గెలుపు నాదనగా నాదని కలహము పుట్టి, బలరాముడు రుక్మిని చంపెను. ఆనాడు మందలించిన బలరాముడే. కృష్ణుడు అన్నను మెచ్చలేదు, నిందింపలేదు. మెచ్చినచో రుక్మిణి నొచ్చును, నిందించినచో అన్న నొచ్చును. రుక్మిణి ఏమనెనో అచ్చట లేదు. యాదవులు వధూవరులను రథమెక్కించుకొని ద్వారకకు పోయిరి.