ఒప్పుకొన్నవానికి విచారణ ఎందుకు?

తప్పు చేసితినని ఒకడు తానే వ్రాసి యిచ్చిన తరువాత ఇక సాక్షులెందుకని నీవు అడుగవచ్చును. హైటెక్ సిటీకి పేరు తెచ్చిన కంపెనీలలో ఒకటైన సత్యమునకు అధిపతి రామలింగరాజు, తమ లెక్కలు కల్పితములని 2009 జనవరి 7న లేఖ వ్రాసెను. మన ఊరి పంచాయితీ యైతే ఆ సాయంత్రమే తీర్పు ముగించి యుండును.

హైదరాబాదులోని సి.బి.ఐ. ప్రత్యేక న్యాయస్థానము అట్లు చేయలేదు. 226 మంది సాక్షులను వినెను. సుమారు 3,000 పత్రములు చూచెను. ఏలయనగా, కంపెనీ సొమ్ము ఒక్క రూపాయియు తాను తీసికొనలేదని కూడ ఆ లేఖయే చెప్పుచున్నది! ఒప్పుకోలులో సగము సాకు ఉండును. మన ఇండ్లలోను అంతే గదా. పైగా ఆయనతో కూడ బోనులో నిలిచినవారు మరి తొమ్మండుగురు. ఒకని లేఖ వారందరి నేరమును ఋజువు చేయునా?

2015 ఏప్రిల్ 9న న్యాయాధిపతి బి.వి.ఎల్.ఎన్. చక్రవర్తిగారు పదిమందికిని ఏడేండ్ల కఠిన శిక్ష విధించిరి. నెల దాటగానే పై న్యాయస్థానము, అప్పీలు తేలువరకు శిక్షను నిలిపి బెయిలు ఇచ్చెను. దీనికి క్రింది న్యాయాధిపతి అడ్డు చెప్పరాదు. తన మాట ఆఖరిమాట కాదని ఎరిగియే ఆయన ప్రతి తీర్పు క్రింద సంతకము చేయవలెను. 2022లో చక్రవర్తిగారు ఆంధ్రప్రదేశ్ హైకోర్టు న్యాయమూర్తియై, ఇతరుల తీర్పులను పరిశీలించు పీఠమెక్కిరి.