కోరంగి పేరు, కోనసీమ మర్యాద: భాషా హక్కుల నైతిక పరిధి

భాషా హక్కు అనగానే బడిలో, న్యాయస్థానంలో, ప్రభుత్వ కార్యాలయంలో మాతృభాషకు దక్కవలసిన చోటు గుర్తుకు వస్తుంది. ఆ హక్కును మనకంటె బలవంతుల నుంచి కోరేటప్పుడు చూపే తర్కాన్ని, మనకంటె బలహీనుల విషయంలోనూ అంగీకరిస్తామా అన్నది అంతగా చర్చకు రాని నైతిక ప్రశ్న. గౌతమీ తీరపు అనుభవం ఆధారంగా దీనిని పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం.

గౌతమి సముద్రంలో కలిసే ప్రాంతంలో, కోనసీమకు ఆవలి ఒడ్డున, యానాం సమీపంలో కోరంగి ఉంది. పంతొమ్మిదో శతాబ్దంలో ఈ రేవు నుంచీ, తరవాత కాకినాడ నుంచీ ఎందరో తెలుగు కూలీలు సముద్రం దాటారు. బర్మాలో వారి ఊరు ఏదైనా, కులం ఏదైనా, ‘కోరంగీలు’ అన్న ఒకే పేరు స్థిరపడింది. రేవు పేరు జాతి పేరయింది. క్రమంగా చిన్నచూపును ధ్వనించే పేరయింది. 1930 మే నెలలో రంగూన్ రేవులో తెలుగు కూలీలు సమ్మెకు దిగినప్పుడు వారి స్థానంలో బర్మీయులను పనిలో పెట్టుకున్నారు. సమ్మె ముగియగానే ఆ బర్మీయులను తొలగించారు. దానితో చెలరేగిన ఘర్షణల్లో మరణించినవారిలో అధికులు తెలుగువారే. ఘర్షణకు మూలం కూలి తప్ప భాష కాదు. అయితే మనిషిని గుంపు పేరుతో పిలవడం అలవాటైన చోట, యజమానిపై రావలసిన కోపం పక్కనున్న కూలీ మీదికి మళ్ళడం సులభమవుతుంది.

చట్టం భాషకు గుర్తింపునిచ్చి ఇటువంటి చిన్నచూపును కొంతవరకు అడ్డుకుంటుంది. యానాం పుదుచ్చేరి పాలనలో ఉన్నప్పటికీ, 1965 నాటి అధికార భాషా చట్టం అక్కడ తెలుగు వాడుకకు అవకాశం కల్పించింది. తెలుగు వలస కూలీల సంతతి నివసించే దక్షిణాఫ్రికాలో, 1996 రాజ్యాంగం గౌరవించి ప్రోత్సహించవలసిన భాషలలో తెలుగును పేర్కొన్నది. భారత రాజ్యాంగంలోని 29, 350-ఎ అధికరణాలు అల్పసంఖ్యాకుల భాషకు రక్షణ కల్పిస్తున్నాయి. ఇవన్నీ ఒక భాషకూ మరొక భాషకూ మధ్య ఉన్న అసమానతను గుర్తిస్తాయి. ఒకే భాష లోపలి అసమానత వీటి దృష్టికి రాదు.

ఆ అసమానతకు కోనసీమలోనే ఉదాహరణ ఉంది. ‘అండి’ ఈ సీమ మర్యాదకు గుర్తుగా ప్రసిద్ధం. కాని ఆ ‘అండి’ ఎవరి నోట పుట్టి ఎవరికి చెందింది? పాలేరు నోట భూస్వామికి చెందింది. తండ్రి వయసున్న పాలేరును భూస్వామి ఇంటి పిల్లవాడు ‘ఒరే’ అని పిలవడం నిన్నమొన్నటి వరకు ఎవరికీ వింతగా తోచలేదు. రంగూన్‌లో ‘కోరంగీ’ అన్న పిలుపు మనల్ని బాధిస్తే, మామిడికుదురులోనో రాజోలులోనో ‘ఒరే’ అన్న పిలుపు ఎందుకు బాధించలేదు?

కులాన్ని జాతితో పోల్చరాదని ఇక్కడ ఆక్షేపించవచ్చు. వాటి చరిత్రలు వేరన్నది నిజమే. కాని ఈ చర్చకు కావలసిన సామ్యం చరిత్రలో కాక పిలుపులో ఉంది: రెండు చోట్లా మనిషికి దక్కే మాట అతని పుట్టుకను బట్టి ముందే నిర్ణయమైపోయింది.

ప్రామాణిక భాష లేనిదే విద్య సాగదన్నది రెండో ఆక్షేపణ. ఇదీ తోసిపుచ్చదగినది కాదు. గ్రాంథికాన్ని ఎదిరించిన గిడుగు రామమూర్తి పంతులు సైతం శిష్ట వ్యావహారికాన్నే ప్రమాణంగా కోరారు. అయితే తన భాష కోసం వాదించిన ఆయనే సవరల భాష నేర్చి, దానికి వ్యాకరణం, నిఘంటువు కూర్చారు. తనకు కోరినదాన్ని ఇతరులకూ కోరడం అందులో ఉంది. ఆయన వారసులమైన మనం మాత్రం ‘శిష్ట’ అన్న విశేషణాన్ని నిలుపుకొని, సవరల పట్ల ఆయన చూపిన శ్రద్ధను మరిచాము. కృష్ణా గోదావరి జిల్లాల చదువుకున్న వర్గాల పలుకుబడి ప్రమాణమైంది. అదే జిల్లాల్లోని శ్రామికుల మాట ‘తప్పు’ అయింది. కోనసీమలో పుట్టిన బోయి భీమన్న పాలేరు జీవితాన్ని నాటకంగా మలిచారు. చదువుకుని పైకి వచ్చే ప్రతి పాలేరు బిడ్డా ఇంటి మాటను గడప దగ్గర వదలి రావలసిందేనా అన్న ప్రశ్న మన తరగతి గదుల్లో ఇంకా మిగిలే ఉంది.

ప్రామాణిక భాష అందరికీ అందవలసిన పనిముట్టు. దానిని మనిషి విలువను కొలిచే కొలతగా మార్చినప్పుడే అన్యాయం మొదలవుతుంది. విద్యార్థికి ప్రామాణిక రచన నేర్పడం ఉపాధ్యాయుని విధి. అతని ఇంటి మాటను అశుద్ధమనడం ఆ విధిలో భాగం కాదు. తెలుగు శాఖలు మాండలికాలను పరిశోధనాంశంగా ఏనాడో స్వీకరించాయి. వాటిని మాట్లాడేవారిని వాదించే, ప్రశ్నించే, సిద్ధాంతం చెప్పే వ్యక్తులుగా స్వీకరించడం మిగిలిన పని. పై నుంచి కోరినంత మేరకు కిందికి ఇవ్వగలిగినప్పుడే మన భాషాభిమానం హక్కుగా నిలుస్తుంది. లేకుంటే అది స్వపక్షపాతంగానే మిగులుతుంది.